బుధుడి మీద త్యాగరాజు, ఊళ్లో తవిటయ్య

బుధ గ్రహం మీద త్యాగరాజు ఉన్నాడు. ఎప్పుడో ఒక పెద్ద రాయి ఆకాశం నుంచి వచ్చి గుద్దితే పడిన గుంట అది, వెడల్పు దాదాపు 100 కిలోమీటర్లు. మారినర్ 10 అనే అంతరిక్ష నౌక 1974, 75లలో బుధుడి పక్కగా పోతూ ఫోటోలు పంపింది. వాటిలో కనిపించిన గుంటలకి పేర్లు పెట్టడం మొదలుపెట్టినప్పుడు, 1976లో, దీనికి త్యాగరాజ అని ఖాయం చేశారు. వాల్మీకి, కాళిదాసు, తాన్‌సేన్ కూడా అక్కడ ఇరుగుపొరుగులే.

ఆ గుంట పేరుకి అర్థం ఏమిటని ఎవరైనా అడిగితే ఏం చెప్పాలి? నిఘంటువు తీస్తే త్యాగం, రాజు అని రెండు ముక్కలు దొరుకుతాయి. ఆ రాళ్ల గుంట ఏ త్యాగమూ చేయలేదు. దానికి ఆ పేరు కీర్తనలు రాసిన మనిషి నుంచి వచ్చింది. 1767లో తిరువారూరులో పుట్టిన ఆ మనిషికి ఆ ఊరి గుళ్లో కొలువున్న త్యాగరాజస్వామి నుంచి వచ్చింది. ఆయన ఇంటిపేరు కాకర్ల. పూర్వీకులు ఎన్నో తరాల కిందట వదిలిపెట్టి వచ్చిన తెలుగు ఊరి పేరు అదని అంటారు. గుళ్లో దేవుడు, ఆయన పేరిట ఒక పిల్లవాడు, ఆ పిల్లవాడి పేరిట సూర్యుడికి దగ్గర్లో ఒక గుంట. మాట ఒక్కటే, చేతులు మారుతూ పోయింది. మారిన ప్రతిసారీ నిఘంటువు అర్థం కొంత రాలిపోయి, ఎవరి నుంచి ఎవరికి అన్నది మిగిలింది.

పేర్ల విషయంలో మనం అడిగే ప్రశ్నే సరిగ్గా ఉండదని నాకు అనిపిస్తుంది. "అర్థం ఏంటి?" అని అడుగుతాం. "ఎవరు పెట్టారు, ఏం చూసి పెట్టారు?" అని అడిగితే చాలా ముళ్లు వాటంతటవే విడిపోతాయి. ముందు ఆకాశం సంగతి చూద్దాం. అక్కడైతే కనీసం రూల్సు రాసిపెట్టి ఉన్నాయి.

గ్రహాల మీద పేర్ల విషయంలో ఆఖరి మాట 1919లో ఏర్పడిన అంతర్జాతీయ ఖగోళ సంఘానిది. బతికున్న మనిషి పేరు పెట్టరు, పోయి కనీసం మూడేళ్లు కావాలి. 19వ శతాబ్దం నుంచి ఇటు రాజకీయ నాయకుల పేర్లు కుదరవు. ఈ జాగ్రత్త ఊరికే రాలేదు. 1781లో విలియం హెర్షెల్ ఒక కొత్త గ్రహాన్ని కనిపెట్టి, దానికి తన రాజు మూడో జార్జి పేరు పెట్టాలన్నాడు. ఇంగ్లండు దాటాక ఆ పేరు ఎవరికీ రుచించలేదు. జర్మనీకి చెందిన బోడే సూచించిన యురేనస్ నిలబడింది. లేకపోతే మన పిల్లలు "గురుడు, శని, జార్జి" అని బట్టీపట్టేవాళ్లు.

ఒక్కో గ్రహానికి ఒక్కో తరహా పేర్లు కేటాయించారు. బుధుడి గుంటలకి కవులు, చిత్రకారులు, సంగీతకారులు. గురుడి చంద్రుల్లో ఒకటైన అయో మీద అగ్నిపర్వతాలు ఎప్పుడూ మండుతూనే ఉంటాయి కాబట్టి అక్కడ రకరకాల జాతుల అగ్ని దేవతలు, సూర్య దేవతలు. మన అగ్ని, సూర్యుడు కూడా ఆ జాబితాలో ఉన్నారు. సెరీస్ అనే మరుగుజ్జు గ్రహానికి పంటల దేవతలు, పంటల పండగలు. తమిళుల పొంగల్ అక్కడ ఉంది. మన సంక్రాంతీ ఆ రోజుల్లోనే కదా అని మనం సర్దుకోవాలి.

శుక్రుడి మీద అన్నీ ఆడవాళ్ల పేర్లే. రోమన్ల వీనస్ దేవత కాబట్టి ఆ నియమం. మన పురాణాల్లో శుక్రుడు రాక్షసుల గురువు, గడ్డం పెంచుకున్న ఆచార్యుడు. ఆయన ఒంటినిండా ఇప్పుడు దేవతలు, రచయిత్రులు, డాక్టరమ్మలు. లక్ష్మి పేరిట ఒక పీఠభూమి ఉంది. అమెరికా వెళ్లి 1886లో డాక్టరు పట్టా పుచ్చుకున్న ఆనందీబాయి జోషి పేరిట ఒక గుంట ఉంది. ఇంతమంది మధ్య ఒక్క మగాడు, సరిగ్గా లక్ష్మి పీఠభూమిని ఆనుకునే: మాక్స్‌వెల్ పర్వతాలు. శుక్రుణ్ణి కప్పేసిన మబ్బుల కింద ఏముందో చూపించింది రాడార్. ఆ రాడార్‌కి పునాది భౌతిక శాస్త్రవేత్త మాక్స్‌వెల్ రాసిన సూత్రాలు. ఆడవాళ్ల పేర్ల నియమం గట్టిపడే లోపే ఆ పేరు వాడుకలో పడిపోయింది, ఇక ఎవరూ కదపలేదు.

నాకు అన్నిటికన్నా నచ్చింది అంగారకుడి పద్ధతి. అక్కడ పెద్ద గుంటలకి శాస్త్రవేత్తల పేర్లు పెడతారు. సుమారు 50 కిలోమీటర్లలోపు గుంటలకి భూమ్మీది చిన్న ఊళ్ల పేర్లు, అంటే జనాభా లక్షలోపు ఉన్నవి. 2024లో అహ్మదాబాద్ ఫిజికల్ రీసెర్చ్ లేబొరేటరీ శాస్త్రవేత్తలు గుర్తించిన మూడు గుంటలకి పేర్లు ఒప్పుకున్నప్పుడు ఈ లెక్క బాగా తెలిసొచ్చింది. పెద్దది ఆ సంస్థ మాజీ డైరెక్టర్ దేవేంద్ర లాల్ పేరిట లాల్ అయింది. చిన్నవి రెండూ ముర్సాన్, హిల్సా అయ్యాయి. ఒకటి ఉత్తరప్రదేశ్‌లో పట్నం, ఇంకోటి బీహార్‌లో. మన అనంతపురం వైపు రాయదుర్గం పేరు కూడా అంగారకుడి మీద ఉంది. రాయల దుర్గం, అంటే కొండ మీది కోట. అంత దూరం పోయి గుంటలో పడింది.

అయితే రాయదుర్గం వాళ్లు దండలు తేవాల్సిన పని లేదు. ఈ పేర్ల వల్ల ఆయా ఊళ్లకి ప్రత్యేకంగా గౌరవం ఏమీ ఇస్తున్నట్టు కాదనీ, ఇది కేవలం బోలెడు పేర్లు దొరికే చోటనీ ఖగోళ సంఘమే నిబంధనల్లో రాసుకుంది. గుంటలు వేలకు వేలు, పేర్లు కావాలి, భూగోళం మీద ఊళ్లున్నాయి. అంతే. అర్థం వెతికేవాడికి ఇంతకంటే నిజాయితీ గల సమాధానం దొరకదు.

అక్కడి పెద్ద లోయలది మాత్రం వేరే దారి. వాటికి రకరకాల భాషల్లో అంగారకుణ్ణి ఏమంటారో ఆ మాటే పేరుగా పెట్టారు. జపనీస్ నుంచి కసేయ్, హీబ్రూ నుంచి మాదిమ్, సంస్కృతం నుంచి మంగళ. మనం వారానికోసారి తలుచుకునే మంగళుడే.

2023 ఆగస్టు 23న చంద్రయాన్ 3 దిగిన చోటు కూడా ఈ దారిలోనే నడిచింది. మూడు రోజుల తరవాత ప్రధాని దానికి శివశక్తి అని పేరు ప్రకటించారు. 2024 మార్చిలో ఖగోళ సంఘం ఆమోదించింది. వాళ్ల పుస్తకంలో ఆ పేరుకి రాసుకున్న వివరణ ఏమిటంటే, ప్రకృతిలోని స్త్రీ పురుష ద్వంద్వాన్ని సూచించే, భారతీయ పురాణాల నుంచి తీసుకున్న సమాసం. శివరాత్రి నాడు జాగారం చేసే మనిషికి ఆ మాటలో వినిపించేది వేరు, ఆ రిజిస్టరులో ఉన్నది వేరు. రెండూ అబద్ధం కావు.

చంద్రుడి మీద పాత పేర్లు ఈ సంఘానికన్నా ఎంతో ముందువి. 1651లో రిచ్చియోలి అనే ఇటలీ మతగురువు వేసిన పద్ధతే చాలావరకు నేటికీ నడుస్తోంది. చందమామలో మనకి కుందేలుగా కనిపించే ఆ నల్ల మరకలకి ఆయన సముద్రాలని పేరు పెట్టాడు. చంద్రకళల్ని బట్టి వానలూ ఎండలూ మారతాయన్న పాత నమ్మకంతో వాటికి వాతావరణాన్నీ మనిషి మనసునీ తగిలించాడు: ప్రశాంత సముద్రం, వానల సముద్రం, తుపానుల మహాసముద్రం. సూర్యుడి చుట్టూ భూమి తిరుగుతుందన్న కోపర్నికస్‌ని చర్చి ఒప్పుకోని రోజులవి. రిచ్చియోలి ఆయన పేరిట చక్కటి గుంటనే ఇచ్చి, దాన్ని తుపానుల మహాసముద్రంలో పడేశాడు. తన పేరిట కూడా ఒకటి ఉంచుకున్నాడు, అది వేరే సంగతి. ఆ సముద్రాల్లో చుక్క నీరు లేదు. గడ్డకట్టిన లావా మైదానాలవి. 1969లో అపోలో 11 వ్యోమగాములు ప్రశాంత సముద్రంలో దిగి దుమ్ములో నడిచి వచ్చారు. అయినా పేరు మారలేదు.

హైదరాబాద్‌లో ఉండేవాళ్లకి ఇదేం వింత కాదు. మాసాబ్ ట్యాంక్ బస్టాపులో రోజూ దిగుతారు, చెరువు ఎక్కడుందని ఎవరూ అడగరు. కుతుబ్ షాహీ కాలపు హయాత్ బక్షీ బేగంని జనం గౌరవంగా మా సాహెబా అనేవాళ్లు. ఆమె పేరిట ఉన్న చెరువు మాసాబ్ ట్యాంక్ అయింది. చెరువు పోయింది, పేరు ఫ్లైఓవర్ కింద మిగిలింది. లక్డీకాపూల్‌లో కర్ర వంతెనా అంతే. నీళ్లు ఇంకిపోయినంత తేలిగ్గా పేరు ఇంకదు.

తెలుగు ఊరి పేరుకి మామూలుగా రెండు ముక్కలుంటాయి. వెనకది అదేమిటో చెబుతుంది, ముందుది వాటిలో ఏదన్నది చెబుతుంది. పల్లి, పాలెం, పూడి, పాడు, కుంట, కొండ, కోట. కోనసీమలో లంక అంటే రావణుడికేం సంబంధం లేదు, గోదారి పాయల మధ్య మేట వేసి తేలిన నేల. ప్రోలు అంటే పాత తెలుగులో పట్నం. ఆ మాట వాడుకలోంచి ఎప్పుడో పోయింది, చేబ్రోలులో, రాయప్రోలులో దాక్కుని ఉంది. పండితులు ఈ తెలుగు పేర్లకి సంస్కృతం చొక్కా తొడిగారు. ఓరుగల్లు అంటే ఒంటి రాయి, కాబట్టి ఏకశిలానగరం. గుంటూరులో గుంట ఉంది, కాబట్టి గర్తపురి. ఆ లెక్కన అంగారకుడి మీద ప్రతి గుంటా ఒక గర్తపురే. కొన్నాళ్లకి సంస్కృతం పేరే అసలుదనీ, తెలుగుది దాని వికృతి అనీ చెప్పేవాళ్లు బయల్దేరతారు. ఎండలకి తట్టుకోలేక ఇంగ్లీషువాళ్లు బ్లేజ్‌వాడ అన్నారనీ, అదే బెజవాడ అయిందనీ ఇంకో కథ. ఇంగ్లీషువాళ్లు రాకముందు ఎన్నో వందల ఏళ్ల నుంచీ బెజవాడ బెజవాడే.

ఊరి పేరు మనిషికి ఎక్కేటప్పుడు ఒక చిన్న వ్యాకరణం జరుగుతుంది. నాకు చాలా ఇష్టమైన సంగతి ఇది. కందుకూరు నుంచి వచ్చినవాళ్లు కందుకూరు కారు, కందుకూరి అవుతారు. ఊరు ఊరి అయినట్టు, నాడు నాటి అయినట్టు, పాడు పాటి అవుతుంది. వరం వరపు అవుతుంది. అసలు ఇంటిపేరు అన్న మాటే అలా పుట్టింది: ఇల్లు, ఇంటి. వ్యాకరణంలో ఇలా ఇ, టి చేరడాన్ని ఔపవిభక్తికం అంటారు. భయపడాల్సిందేం లేదు, "యొక్క" అని చెప్పకుండానే యొక్క చెప్పడం. కందుకూరి వీరేశలింగం అంటే కందుకూరు తాలూకు వీరేశలింగం. కాశీనాథుని నాగేశ్వరరావు అంటే కాశీనాథుడి వంశం తాలూకు నాగేశ్వరరావు. అంటే చాలా ఇంటిపేర్లు పూర్తి పేర్లు కానే కావు. వెనక ఇంకో మాట వస్తుందని ఎదురుచూస్తూ సగంలో ఆగిన మాటలు. చంద్రుడి మీద ప్రశాంత సముద్రానికి లాటిన్‌లో మారే ట్రాంక్విలిటాటిస్ అంటారు. ట్రాంక్విలిటాస్ అంటే ప్రశాంతత, చివర ఆ టిస్ చేరితే ప్రశాంతత యొక్క. మన రి, టి, పు చేసే పనే అది.

ఈ సగం మాటకి విమానాశ్రయంలో కష్టాలొస్తాయి. మా అక్క కొడుకు అమెరికాలో ఉద్యోగంలో చేరిన కొత్తల్లో ఆఫీసులో అందరూ వాణ్ణి ఇంటిపేరుతో పిలిచేవాళ్లు. ఫారంలో ముందు రాసింది ఫస్ట్ నేమ్ అనుకున్నారు. మన వరస ప్రకారం ముందు ఊరు, తరవాత మనిషి. వాళ్ల వరస ప్రకారం ముందు మనిషి. అలా మూడు నెలలపాటు రోజూ పొద్దున్నే వాడికి "హాయ్, ఫలానా ఊరి!" అని పలకరింపు. ఫలానా ఊరి ఏమిటో ఎవరూ అడగలేదు. పాస్‌పోర్టులో పేరంతా ఒకే గడిలో పడి రెండో గడి ఖాళీగా ఉన్నవాళ్ల గతి ఇంకా వేరు. అమెరికా వీసా మీద మొదటి పేరు ఉండాల్సిన గడిలో "ఎఫ్‌ఎన్‌యు" అని వస్తుంది. మొదటి పేరు తెలియదు అని దాని భావం. మన ఊళ్లో అందరికీ తెలిసిన పేరు అక్కడ అధికారికంగా తెలియదు.

ఇక పెట్టిన పేర్లు. ఆకాశంలో మనిషి పేరు కొండకి పెడతారు, ఇక్కడ కొండ పేరు మనిషికి పెడతాం. సింహాచలం, యాదగిరి, శ్రీశైలం, తిరుపతి. పేరు వింటే ఆ ఇంటి వాళ్లు ఏ బస్సెక్కి మొక్కు తీర్చుకోవడానికి వెళ్లారో చెప్పొచ్చు. అప్పలరాజు, అప్పన్న అంటే సింహాద్రి అప్పన్న. పైడిరాజు, పైడమ్మ అంటే విజయనగరం పైడితల్లి. నూకరాజు అంటే అనకాపల్లి నూకాలమ్మ. కోటయ్య, కోటేశ్వరరావు ఎక్కువైతే కోటప్పకొండ దగ్గర్లో ఉన్నట్టు. ఓబులేసు, ఓబులమ్మ అహోబిలం వైపు. రాజేశం, రాజన్న వేములవాడ. సమ్మయ్య, సారయ్య, సారక్క మేడారం జాతర. దర్గాకి మొక్కుకుని పుట్టిన హిందువుల పిల్లలు గుంటూరు, నెల్లూరుల్లో మస్తానయ్య, మస్తానమ్మ అవుతారు. సీమలో దస్తగిరి, ఉసేనప్ప అవుతారు. వీటిలో ఏ పేరుకైనా నిఘంటువు తెరిస్తే టైమ్ వేస్టు. అక్కడ ఉన్నది ఒక మొక్కు, ఒక దారి.

కొన్ని పేర్లు విని ఇప్పటి పిల్లలు నవ్వుతారు. పెంటయ్య, పుల్లమ్మ, తవుడు, తవిటయ్య, భిక్షపతి. పుట్టిన బిడ్డలు పుట్టినట్టే పోతున్న ఇంట్లో మళ్లీ ఒకరు పుడితే ఏం చేసేవాళ్లో మా ఊరి పెద్దామె ఒకావిడ చెప్పేది. బిడ్డని చేటలో పడుకోబెట్టి పొరుగింటావిడ చేతికి ఇచ్చేస్తారు. "ఈ బిడ్డ నాది కాదు, నీదే" అంటుంది తల్లి. కాసేపటికి ఓ చేటెడు తవుడు పట్టుకెళ్లి ఆవిడ ముందు పోసి, "ఈ తవుడు తీసుకుని ఆ బిడ్డనియ్యి" అని అడిగి తెచ్చుకుంటుంది. బియ్యం కూడా కాదు, గొడ్లకి పెట్టే తవుడు. ఇంత చవకగా వచ్చినదాని మీద మృత్యువు కన్ను పడదని ఆశ. ఆ బిడ్డ తవుడు, లేదా తవిటయ్య, తవిటమ్మ. పెంటకుప్ప మీద ఓ నిమిషం పడుకోబెట్టి తెచ్చుకుంటే పెంటయ్య. ఎంగిలి విస్తర్ల మీద దొర్లిస్తే పుల్లయ్య. దేవుడి దగ్గర అడుక్కుంటే భిక్షపతి. తిట్టులా వినిపించే ఆ పేరులో తల్లి పడ్డ భయమంతా ఉంది. నిఘంటువు ప్రకారం తవుడు అంటే వడ్లు దంచితే వచ్చే పొడి. ఆ అర్థం కచ్చితంగా కరెక్టే, కచ్చితంగా పనికిరానిది.

పేరు పెట్టడం ఒక ఎత్తయితే పిలవడం ఇంకో ఎత్తు. తల్లిదండ్రులు పోలయ్య అని పెట్టినా, ఊళ్లో పెద్ద కులాల వాళ్లు పోలిగాడు అనేవాళ్లు. డెబ్భై ఏళ్ల మనిషిని పదేళ్ల పిల్లవాడు "ఒరే పోలిగా" అనడం విన్నవాళ్లు ఇంకా బతికే ఉన్నారు. ఎవరి పేరు చివర అయ్య ఉండాలో, ఎవరికి గాడు అనాలో రాసిపెట్టిన సంఘం ఏదీ లేదు. కానీ నియమం ఖగోళ సంఘం రూల్సు కన్నా గట్టిగా నడిచింది. దళితవాడల్లో పిల్లల్ని బళ్లో వేసేటప్పుడు రాజేంద్రప్రసాద్ అనో, సునీత అనో కొత్త పేరు రాయించడం వెనక ఫ్యాషన్ ఒక్కటే ఉందనుకుంటే పొరపాటు.

ఇప్పటి ఇళ్లలో పేరు పెట్టేది సెల్‌ఫోన్. ముందు పంతులుగారు నక్షత్ర పాదం చూసి అక్షరం ఇస్తారు. అశ్విని అయితే చూ, చే, చో, లా. ఆర్ద్ర మూడో పాదమైతే ఙ. ఆ అక్షరంతో తెలుగులో మాటే లేదు, పేరెక్కడ తెస్తారు? అప్పుడు "దగ్గరి అక్షరం" అని ఒక సర్దుబాటు. తరవాత ఇంటర్నెట్‌లో వెతికితే ప్రతి పేరు పక్కనా "సంస్కృతంలో సూర్యకిరణం", "విష్ణువు అంశ" అని అర్థాలు తయారుగా ఉంటాయి. వాటిలో సంస్కృతంలో లేని మాటలు కొల్లలు. ధ్వని నచ్చి ముందు పేరు ఎంచుకుంటారు, అడిగినవాళ్లకి చెప్పడానికి అర్థం తరవాత అతికిస్తారు. నాకు దీని మీద పెద్ద కోపం లేదు. అంగారకుడి గుంటకి ముర్సాన్ అని పెట్టినవాళ్లు ఆ పని దాపరికం లేకుండా చేశారు, మనం పురాణం తోడు తెచ్చుకుంటున్నాం, అంతే తేడా.

త్యాగరాజ గుంట అడుగున చిన్న చిన్న గుంతలు చాలా ఉన్నాయి, రంగు పెంచిన ఫోటోల్లో లేత నీలంగా మెరుస్తూ. 2011 నుంచి నాలుగేళ్లు బుధుడి చుట్టూ తిరిగిన మెసెంజర్ నౌక వాటిని దగ్గర్నుంచి ఫోటోలు తీసింది. వాటికి విడివిడిగా పేర్లు లేవు. శాస్త్రానికి అవసరం పడితేనే పేరు పెట్టాలన్నది కూడా ఒక నియమం.

మన దగ్గర అంత ఆగరు, కానీ కొన్నాళ్లు ఆగుతారు. బారసాల దాకా బిడ్డ బుజ్జిగాడో, పాపో. ఆస్పత్రిలో మాత్రం పుట్టిన గంటలోపే మణికట్టుకి ఒక ప్లాస్టిక్ పట్టీ కడతారు, దాని మీద బాల్‌పెన్నుతో "బి/ఓ" అని రాసి పక్కన తల్లి పేరు. బేబీ ఆఫ్ ఫలానా. జనన ధ్రువపత్రంలో పేరు గడి ఖాళీగానే ఉంచొచ్చు. 12 నెలల్లోపు వెళ్తే ఫీజు లేకుండా రాస్తారు, ఆ తరవాత ఫీజు కట్టి 15 ఏళ్ల దాకా రాయించుకోవచ్చు.